పట్టికలో పన్నెండు సెంట్లు

ముండకప్పాడం,
9 జనవరి 2022

విలాసినీ,

నీ ఉత్తరం బుధవారం అందింది. పోస్ట్‌మాన్ బండి దిగకుండానే గేటు మీద పెట్టి పోయాడు. ఈ పంచాయతీలో ఉత్తరాలు రాసుకునేవాణ్ణి నేనొక్కణ్ణే మిగిలానని అతనికి విసుగు. ఏం చెయ్యను, నాకు చెవులు పోయాయి. ఫోన్లో నీ గొంతు తుమ్మెద రొదలా వినిపిస్తుంది. నీకు ఈ రాత తప్పదు.

మీ ఓనరు మేడ పడగొట్టి అపార్టుమెంటు కడతాడనీ, వచ్చే ఏడాది జూన్‌కల్లా గది ఖాళీ చెయ్యాలనీ రాశావు. బొకారో ఉక్కు ఆస్పత్రిలో ముప్ఫై ఎనిమిదేళ్ళు నర్సుగా చేసి, ఆ తర్వాత ఆరేళ్ళు ఆ అద్దె గదిలో ఉండి, ఇప్పుడు నాన్న నీకు రాసిచ్చిన పన్నెండు సెంట్లలో రెండు గదులు వేసుకుని వచ్చేస్తానన్నావు. ఆ వాక్యం నాలుగుసార్లు చదివాను. బడిపంతులు బుద్ధితో తప్పులు వెతకడానికి కాదు.

మర్నాడే పంచాయతీ ఆఫీసుకి వెళ్ళాను. గుమాస్తా కంప్యూటర్లో చూసి తల అడ్డంగా ఊపాడు.

“మాస్టారూ, ఇక్కడ ఇల్లు కట్టడానికి వీల్లేదు. ఇది వరి పొలం.”

“పొలమా? అక్కడ నలభై ఏళ్ళ కొబ్బరిచెట్లు పందొమ్మిది ఉన్నాయయ్యా.”

“ఉంటే ఉండొచ్చు. పట్టికలో పొలమని ఉంది.”

సంగతేమిటంటే, వరి పొలాలు పూడ్చకూడదని చట్టం వచ్చాక ప్రతి ఊళ్ళోనూ పొలాల పట్టిక ఒకటి తయారు చేశారు. అందులో పడ్డ నేల మీద కోళ్ళగూడు కూడా కట్టకూడదు. పొరపాటున పడ్డదాన్ని తీయించాలంటే ఆర్డీవోకి దరఖాస్తు పెట్టుకోవాలి. నీ పేర పెట్టేశాను. మూడు నెలల్లో తేలుతుందన్నారు.

ఎవడో తెలివితక్కువవాడు చూడకుండా గీత గీసి ఉంటాడు. ఇలాంటివి జరుగుతుంటాయి. నువ్వు దిగులు పెట్టుకోకు.

మీ అన్నయ్య,
సదానందన్

*

బొకారో,
2 ఫిబ్రవరి 2022

పెద్దన్నయ్యకి,

మూడు నెలలేగా! నలభై నాలుగేళ్ళు ఊరికి దూరంగా ఉన్నదాన్ని, మూడు నెలలు ఆగలేనా?

ఇంటి ప్లాను గీశాను. ఆస్పత్రి నుంచి తెచ్చుకున్న జ్వరం చార్టు గళ్ళ కాగితం మీద గీశాను కనక గీతలు తిన్నగా వచ్చాయి. ఒక పడకగది, ఒక వంటగది, ముందు వరండా. వంటగది కిటికీ నీ ఇంటి వైపు. నువ్వు బీపీ మాత్ర వేసుకున్నావో లేదో అక్కణ్ణుంచే కనిపెడతాను.

ప్లాను ఫూల్‌మణికి చూపించాను. నీకు రాశానుగా, మా వార్డులో ఆయాగా చేసిన సంతాలీ మనిషి. నాతోపాటే రిటైరైంది. “దీదీ, ఇది వంటగదా? మా కోళ్ళు కూడా ఇందులో ఇరుక్కుంటాయి” అంది. “నేనొక్కదాన్నేనే” అన్నాను. “నేను వస్తే?” అంది. అందుకని అర అడుగు పెంచాను.

అన్నయ్యా, నీకు నవ్వొస్తుందేమో గానీ ఒక మాట చెప్తాను. నేను ఎప్పుడూ నా తలుపుకి నేను తాళం వేసుకోలేదు. హాస్టలు, క్వార్టరు, అద్దె గది. అన్నిటికీ ఇంకో తాళంచెవి ఇంకొకరి దగ్గర ఉండేది.

ఆ గీత గీసిన మహానుభావుడెవరో గానీ, వాడు నా వార్డులో పేషెంటుగా పడలేదు, అదృష్టవంతుడు. సూది ఎక్కడ పొడవాలో నాకు బాగా తెలుసు.

నీకు ఇక్కణ్ణుంచి ఏం తేను?

విలాసిని

*

ముండకప్పాడం,
17 జులై 2022

విలాసినీ,

ఇంకా తేలలేదు. పదకొండుసార్లు వెళ్ళాను. ఆర్డీవో ఆఫీసులో “ఫైలు వ్యవసాయాధికారి రిపోర్టుకి వెళ్ళింది” అంటారు. వ్యవసాయాధికారి దగ్గరికి వెళితే “మాకు రాలేదు” అంటారు. ఆ ఆఫీసుకీ ఈ ఆఫీసుకీ మధ్య బస్సులో ఇరవై నిమిషాలు. నీ ఫైలు ఆరు నెలలుగా ఆ ఇరవై నిమిషాల దారిలోనే ఉంది.

“ఎక్కడుందో చెప్పమ్మా” అని ఆర్డీవో ఆఫీసు గుమాస్తాని అడిగాను.

“ప్రాసెస్‌లో ఉంది మాస్టారూ.”

“ప్రాసెస్ అంటే ఏ గది?”

ఆ పిల్ల నవ్వింది. నాకు నవ్వు రాలేదు. వరసలో నా ముందున్న ఒకామె నాలుగేళ్ళుగా తిరుగుతోంది. ఆమెతో వచ్చిన భర్త కిందటేడు పోయాడట. ఇప్పుడు ఒక్కర్తే వస్తోంది.

చివరికి ఫైలు వ్యవసాయాధికారి బల్ల మీదికి చేరింది. కొత్తగా వచ్చిన ఆఫీసరు, ముప్ఫై కూడా ఉండవు. “మాస్టారూ, 2010లో కమిటీ ఇది పొలమని రాసింది. ఆ రిపోర్టుని కాదని నేను రాయాలంటే...” అని ఆగి, నా వైపు కాసేపు చూసింది. ఏదో అడగబోయి మానేసింది. నేనూ గొడుగు తీసుకుని వచ్చేశాను.

ఓణానికి వస్తానన్నావు. వద్దు. వచ్చి ఏం చూస్తావు, చిత్తడి తప్ప? తేలాక వద్దువుగాని. ఆగు.

నేను బాగానే ఉన్నాను. మొన్న జ్వరమొస్తే మిరియాల కషాయంతో పోయింది. గంజీ పెసలూ తింటున్నాను. అలమారాల్లో చెద పట్టింది. పడమటి రచయితలనే ముందు తింటోంది, దానికి అభిరుచి ఉంది.

అన్నయ్య

*

బొకారో,
4 సెప్టెంబర్ 2022

పెద్దన్నయ్యకి,

ఆగు, ఆగు, ఆగు. ఈ ఏడాది నువ్వు రాసిన ఉత్తరాలన్నీ తీసి చూశాను. ప్రతిదాంట్లోనూ ఆ మాట ఉంది.

ఓణానికి రావద్దనడానికి ఫైలెందుకు? పండక్కి రావడానికి ఆర్డీవో పర్మిషను కావాలా? నీకు నేను రావడం ఇష్టం లేకపోతే తిన్నగా చెప్పు. వదిన పోయాక ఒంటరితనం అలవాటైందనీ, పుస్తకాల మధ్య ఆడమనిషి గొంతు భరించలేననీ చెప్పు. నేనేం ఏడవను. చచ్చిపోయేవాళ్ళ దగ్గర కూర్చున్నదాన్ని, ఇది ఎంత?

ఇంకొకటి. నిన్న చాక్కో అనే ఆయన మనిషినంటూ ఎవరో ఫోన్ చేశాడు. నా పన్నెండు సెంట్లు కొంటామన్నాడు. కట్టుకోవడానికి కుదరదుగా, ఊరికే పడి ఉంటుంది గదా అన్నాడు. అది పట్టికలో పడ్డ సంగతి మీకెలా తెలుసని అడిగాను. “ఆ పట్టిక సంగతి మీ అన్నగారికి తెలిసినంత ఇంకెవరికి తెలుస్తుంది అక్కా, ఆయన్నే అడగండి” అని నవ్వాడు. ఏమిటా నవ్వు?

విలాసిని

*

ముండకప్పాడం,
2 అక్టోబర్ 2022

విలాసినీ,

ఏమిటి, ఆ చాక్కోకి అమ్మేస్తానని బెదిరిస్తున్నావా? అమ్ముకో. నాన్న చేత్తో నాటిన చెట్ల కింద వాడు పెళ్ళిమండపం కట్టి, మైకులో సినిమా పాటలు వేయిస్తాడు. నాకు ఎలాగూ వినపడదు.

చాక్కో ఎవరో నీకు తెలీదు. నువ్వు వెళ్ళాక డబ్బు చేసినవాడు. మన చెట్ల దిగువనున్న పొలం వాడిదే. పదిహేనేళ్ళ కిందట లైబ్రరీ అధ్యక్ష ఎన్నికలో మూడు ఓట్లతో నన్ను ఓడించాడు. ఇరవై రెండేళ్ళు నేను దుమ్ము దులిపిన లైబ్రరీ అది. గెలిచిన వారానికి చదువుకునే గదిలో టీవీ పెట్టించాడు. రష్యన్ నవలల అలమారాని మెట్ల కిందికి తోయించాడు, చీపుళ్ళ పక్కకి. పుస్తకం కొసాకీ చదివిన వాడు కాదు. వాడి మనిషి నవ్వుకి నేను అర్థం చెప్పాలా?

సరే. కోర్టుకి వెళ్తున్నాను. ఎర్నాకుళంలో మెహరున్నీసా అని ఒక లాయరు దొరికింది. నా మనవరాలంత ఉంటుంది. నా మాటలన్నీ విని, బల్ల మీద నీళ్ళ గ్లాసు నా వైపు జరిపి చెప్పింది.

“అంకుల్, కోర్టు మీ నేలని పట్టికలోంచి తీసెయ్యదు. దరఖాస్తుని ఇన్నాళ్ళు నానబెట్టకండి, ఫలానా గడువులోగా తేల్చండి అని ఆఫీసుకి చెబుతుంది. అంతే.”

“తేలిస్తే చాలమ్మా. పందొమ్మిది చెట్లు వాళ్ళకి కనపడవా?”

“తేల్చమనడం వేరు అంకుల్, మీకు అనుకూలంగా తేల్చమనడం వేరు.”

“నాకు వినపడలేదు” అన్నాను. నిజానికి వినపడింది.

నేల నీది కనక వకాలత్ మీద సంతకం నువ్వే పెట్టాలి. ఇందులో పెట్టాను. అమ్మే ఉద్దేశం లేకపోతే సంతకం చేసి పంపు.

సదానందన్

*

బొకారో,
19 అక్టోబర్ 2022

పెద్దన్నయ్యకి,

సంతకం చేశాను. అమ్ముతానని నేనెక్కడ రాశాను? కొంటామన్నారని రాశాను. అంత చదివినవాడివి, ఆపాటి తేడా తెలీదా?

నేనడిగిన రెండు ప్రశ్నలకీ నువ్వు జవాబు రాయలేదు. లైబ్రరీ గురించి మాత్రం పేరా నిండా రాశావు.

విలాసిని

*

ముండకప్పాడం,
22 జనవరి 2023

విలాసూ,

గెలిచాం!

శుక్రవారం తెల్లారే బస్సెక్కి ఎర్నాకుళం వెళ్ళాను. రెండు పేజీల ఉపన్యాసం రాసుకుని జేబులో పెట్టుకున్నాను, న్యాయమూర్తి అడిగితే చదువుదామని. మన కేసు అరవై నాలుగోది. నా పక్కన కూర్చున్న ముసలాయనది అరవై ఆరు. ఆయనదీ ఇదే బాధ, ఇంకో జిల్లా. మా వరసలో ఉన్న ఏడుగురిలో అయిదుగురిది ఇదే. ఉండ్రాళ్ళో, అరటికాయ చిప్సో తెచ్చుకుని ఒకరికొకరం పెట్టుకున్నాం, రైలు ప్రయాణంలోలాగ.

మనది పిలిచాక న్యాయమూర్తీ, ప్రభుత్వ లాయరూ, మెహరున్నీసా ముగ్గురూ మాట్లాడింది నువ్వు థర్మామీటరు దులిపేంత సేపు. నేను జేబులోంచి కాగితం తీసేలోపు అరవై అయిదు పిలిచేశారు.

“ఏమన్నారు?” అని మెహరున్నీసా చెవి దగ్గర అరిచాను. కోర్టంతా తిరిగి చూసింది.

ఆ పిల్ల చీటీ మీద రాసిచ్చింది. ‘మూడు నెలల్లో దరఖాస్తుపై నిర్ణయం తీసుకోవాలి.’ కింద ఇంకో ముక్క రాసింది. ‘కాదని కూడా అనొచ్చు అంకుల్. తొందరపడకండి.’ లాయర్లు అలాగే అంటారు, వాళ్ళ వృత్తి అది. హైకోర్టు చెప్పాక ఒక ఆర్డీవో కాదంటాడా?

మీ ఓనరుకి చెప్పెయ్. మంచం, బీరువా ఎవరికైనా ఇచ్చెయ్, ఇక్కడ చేయించుకుందాం. ఏప్రిల్‌కల్లా ఆర్డరు వస్తుంది. మేలో పునాది తీస్తే వానల్లోపు గోడలు లేస్తాయి.

నువ్వడిగిన మొదటి ప్రశ్నకి జవాబు. నువ్వు రావడం నాకు ఇష్టమే. ఇంత పెద్ద సంగతి ఉత్తరంలో ఎలా రాయాలో తెలీక లైబ్రరీ గురించి రాశాను.

మీ అన్నయ్య

*

బొకారో,
3 మే 2023

సదానందన్ గారికి,

ఆర్డీవో ఆర్డరు వచ్చింది. దరఖాస్తు నా పేర ఉంది కనక రిజిస్టర్డు పోస్టులో తిన్నగా నాకే వచ్చింది. మీకు తెలియకపోవచ్చు.

దరఖాస్తు తిరస్కరించారు. కారణం ఒకే వాక్యం. 2010లో స్థానిక కమిటీ ఇచ్చిన నివేదిక ప్రకారం అది వరి పొలమట. ఆ నివేదిక నకలు కూడా జతచేశారు. దాని నకలు మీకు పంపుతున్నాను. టైపు చేసిన కాగితం కింద ఒకరు చేత్తో ఇలా రాశారు.

‘సర్వే నంబరు 214 మొత్తం వరి పొలమే. ఇందులో ఏ ముక్కకీ మినహాయింపు ఇవ్వకూడదు. నేను స్వయంగా నడిచి చూశాను. ఎస్. సదానందన్, రైతు ప్రతినిధి.’

సంతకం చూడనక్కర్లేదు. ఆ చేతిరాత మీద బలపం దిద్ది అక్షరాలు నేర్చుకున్నదాన్ని. నాకు అయిదేళ్ళు, మీకు పదహారు.

నేను గది ఖాళీ చేశాను. మంచం, బీరువా, కుర్చీలు ఇచ్చేశాను. మీరు ఇమ్మన్నారు. పెట్టెలు నాలుగు ఫూల్‌మణి ఇంట్లో ఉన్నాయి. నేనూ అక్కడే ఉన్నాను.

ఒక్కటే అడుగుతాను. పదమూడేళ్ళ కిందటే నన్ను రావద్దని రాసి పెట్టుకున్నవారు, ఇప్పుడు ఈ దరఖాస్తు, ఈ కోర్టు, ఈ నాటకమంతా ఎందుకు?

విలాసిని

*

ముండకప్పాడం,
11 మే 2023

విలాసూ,

నువ్వు గారు అని రాశావు. తగినదే.

ఇది మొదటి ఉత్తరంలోనే రాయాల్సింది. రాయలేదు. ఎవడో తెలివితక్కువవాడు గీత గీశాడని రాశాను. రాస్తుంటే నా చెయ్యి ఆగను కూడా ఆగలేదు.

లైబ్రరీ ఎన్నికలో ఓడాక రెండేళ్ళు నేను మనిషిలో మనిషిని కాను. అప్పుడే చాక్కో, మన సర్వే నంబరులోనే ఉన్న దిగువ పొలం కొని, పూడ్చి మండపం కడతానన్నాడు. పంచాయతీ నన్ను పొలాల కమిటీలో రైతు ప్రతినిధిగా వేసింది. దేవుణ్ణి నమ్మనివాడికి దేవుడే ఇచ్చిన అవకాశంలా అనిపించింది.

ఆ రోజు అయిదుగురం గట్టు మీద నడిచాం. మన చెట్ల దగ్గరికి వచ్చాక అప్పటి వ్యవసాయాధికారి ఆగాడు.

“మాస్టారూ, ఈ ముక్కలో కొబ్బరిచెట్లున్నాయి. మీ చెల్లెలిది కదూ? ఇది వదిలేద్దామా?”

“ఒక ముక్క వదిలితే దాన్ని చూపించి చాక్కో తనదీ వదలమంటాడు. నంబరు మొత్తం రాయండి.”

“రేపు ఆవిడ వచ్చి ఇల్లు కట్టుకుంటానంటే?”

“ఆవిడ రాదు” అన్నాను.

నిన్ను రావద్దనుకుని కాదు విలాసూ. అంతకంటే అన్యాయం. నిన్ను లెక్కలోకే తీసుకోలేదు. నీ నేల మీద నిలబడి, నీ చెట్టు నీడలో, నిన్ను ఒక్క మాట అడక్కుండా నీ తరఫున జవాబు చెప్పేశాను. ఆ రెండు మాటల మూలాన ఇన్నాళ్ళూ నేను నీకు ఆగు అని రాస్తూ వచ్చాను.

నిజం చెబితే నువ్వు రావడం మానేస్తావని భయపడ్డాను. గుట్టు చప్పుడు కాకుండా తీయించేస్తే నీకెప్పటికీ తెలియదనుకున్నాను. ఆ కుర్ర ఆఫీసరుకి తెలుసు. చాక్కోకి తెలుసు. ఊళ్ళో అందరికీ తెలుసు, నీకు తప్ప.

నిన్న మెహరున్నీసా దగ్గరికి వెళ్ళి అంతా చెప్పాను. ఆ పిల్ల కసరలేదు. మళ్ళీ కోర్టుకి వెళ్దామంది. ఆర్డీవో నేలని చూడకుండా పాత కాగితం చూసి కాదన్నాడు, అది చెల్లదు, ఆ ఆర్డరు కొట్టేసి స్వయంగా వెళ్ళి చూడమని కోర్టు అంటుంది అంది.

“నేను అబద్ధం రాశానని ప్రమాణపత్రం ఇస్తాను” అన్నాను.

“అక్కర్లేదు అంకుల్. చట్టం వచ్చిన నాటికి అక్కడ చెట్లున్నాయని ఉపగ్రహం ఫోటో చెబుతుంది. మీరు నోరు విప్పితే ఆ చాక్కో మిమ్మల్ని బతకనిస్తాడా?”

“ఫోటో అబద్ధం రాయలేదమ్మా. రాసినవాణ్ణి నేను” అన్నాను. ప్రమాణపత్రం రాసిచ్చాను.

క్షమించమని అడగను. కొత్త వకాలత్ పెట్టాను. నీకు ఇష్టమైతేనే సంతకం చెయ్యి. నా ఇల్లు ఎప్పుడూ ఉంది, రమ్మని అనే మొహం మాత్రం లేదు.

సదానందన్

*

బొకారో,
30 మే 2023

అన్నయ్యకి,

సంతకం చేశాను. కోపం తగ్గి కాదు. నేల నాది కనక చేశాను.

నీ ఉత్తరం ఫూల్‌మణికి చదివి, హిందీలో చెప్పాను. అంతా విని, “మీ అన్నకి ఆ రోజు జ్వరం ఉందేమో అడుగు దీదీ” అంది. దానికి ఏ వెధవపనికైనా జ్వరమే కారణం.

మా ఆస్పత్రిలో ఒక డాక్టరు ఉండేవాడు. రోగి మొహం చూడకుండా పాత చీటీ చూసి అదే మందు రాసేసేవాడు. “సార్, ఒక్కసారి మంచం దగ్గరికి రండి” అని ఎన్నిసార్లు బతిమాలానో. మీ ఆర్డీవో గురించి చదివితే ఆయనే గుర్తొచ్చాడు. మంచం దగ్గరికి రమ్మనడానికి కోర్టు ఉందని నాకు అప్పుడు తెలిస్తే బావుండేది.

ఇప్పుడు నేనూ ఒకటి చెప్పాలి. చెప్పకుండా ఉంటే నీకూ నాకూ తేడా లేదు.

అదే 2010లో మా ఆస్పత్రి వాళ్ళు పెన్షను కాగితాలు నింపమన్నారు. శాశ్వత చిరునామా అన్న చోట మొదట ముండకప్పాడం అని రాశాను. కాసేపు చూసి కొట్టేశాను. బొకారో అని రాశాను. ఎవరూ అడగలేదు, నేనే కొట్టేశాను. నువ్వు గట్టు మీద నిలబడి ఆ మాట అన్న రోజు నన్ను అడిగి ఉంటే, నేనూ రాననే చెప్పి ఉండేదాన్ని.

అడగకపోవడం మాత్రం నీ తప్పే. అది అలాగే ఉంటుంది.

నాకు ఇక్కడ బాగానే ఉంది. ఫూల్‌మణి కొడుకూ కోడలూ నన్ను పిన్నీ అన్నట్టు మౌసీ అంటారు. పొద్దున్నే మడువా రొట్టె, అదే రాగి రొట్టె, పెడుతున్నారు. అయినా పెట్టెలు విప్పలేదు.

విలాసిని

*

ముండకప్పాడం,
10 సెప్టెంబర్ 2023

విలాసూ,

కోర్టు జులైలో ఆ ఆర్డరు కొట్టేసింది. నేలని స్వయంగా చూసి రెండు నెలల్లో మళ్ళీ తేల్చమంది. ఈసారి నేను జేబులో కాగితం పెట్టుకెళ్ళలేదు.

గురువారం కొత్త ఆర్డీవో వచ్చింది. చీర కుచ్చిళ్ళు ఎత్తి దోపుకుని, రబ్బరు బూట్లతో జీపు దిగింది. ఊరు సగం చేరింది. చాక్కో గొడుగు కింద నిలబడ్డాడు. నా ప్రమాణపత్రం సంగతి వాడికి అప్పటికే తెలిసిపోయింది.

ఆవిడ చెట్లన్నీ చేత్తో తట్టి చూసి, నన్ను పిలిచింది. నాకు వినపడదని ఎవరో చెప్పారు. దాంతో ఆవిడ అరవడం, నేను అంతకంటే గట్టిగా జవాబు చెప్పడం. రహస్యంగా ఒప్పుకునే వీలు కూడా దక్కలేదు.

“ఇది రాసింది మీరేనా?”

“నేనే.”

“నడిచి చూశానని రాశారు. చూశారా?”

“చూశాను. చెట్లు కనపడ్డాయి. పొలమని రాశాను.”

“ఎందుకు?”

“అదుగో, ఆ గొడుగు కింద ఉన్నాయన మీద కోపంతో. లైబ్రరీ ఎన్నికలో ఓడిపోయాను.”

ఆవిడ “లైబ్రరీ ఎన్నికా?” అని మళ్ళీ అడిగింది, సరిగ్గా విన్నానా అన్నట్టు. ఎవరో నవ్వారు. చెవిటివాడికి నవ్వు కళ్ళతో తెలుస్తుంది.

అప్పుడు చాక్కో ముందుకొచ్చాడు. “అయితే మేడం, నా పొలం గురించి రాసిందీ అబద్ధమే గదా? ఈయనే ఒప్పుకుంటున్నాడు!”

“నీది పొలమే చాక్కో” అన్నాను. “అప్పుడూ పొలమే, ఇప్పుడూ పొలమే. నీ కాళ్ళు ఎక్కడ దిగబడ్డాయో చూసుకో.”

వాడి చెప్పు ఒకటి బురదలో ఉండిపోయింది. ఈసారి అందరూ నవ్వారు. నేను నవ్వలేదు విలాసూ. నిజం. వంగి ఆ చెప్పు లాగి వాడి చేతికిచ్చాను. వాడు పుచ్చుకుని, “ఈ మాట ఆ రోజే నాతో కొట్లాడి తేల్చుకోవచ్చుగా మాస్టారూ, మధ్యలో మీ చెల్లెలి నేల ఎందుకు?” అన్నాడు. మూడుసార్లు చెప్పించుకున్నాను, వినపడక. మూడోసారి అన్నప్పుడు వాడి గొంతులో వెటకారం లేదు.

ఆవిడ ఏం రాసుకుందో తెలీదు. మొహంలో ఏమీ కనపడనివ్వలేదు. ఆర్డరు నీ పేరనే వస్తుంది. అవునన్నా కాదన్నా ముందు నీకే తెలుస్తుంది. నాకు తర్వాత తెలిస్తే చాలు.

ఇంక ఆగమని రాయను.

అన్నయ్య

*

బొకారో,
6 అక్టోబర్ 2023

అన్నయ్యా,

తీసేశారు. సర్వే నంబరు 214లో నా పన్నెండు సెంట్లని పట్టికలోంచి తీసేశారు. నిన్న మధ్యాహ్నం అన్నం తింటుంటే కవరు వచ్చింది. ఎంగిలి చేత్తోనే చింపాను. చదివి ఫూల్‌మణికి చెబితే ముందు ఎగిరి గంతేసింది, తర్వాత కూర్చుని ఏడ్చింది. నేను పోతున్నానని అప్పుడు గుర్తొచ్చింది దానికి.

ఆర్డరు మూడు పేజీలు. చెట్ల గురించి ఒక పేరా, ఉపగ్రహం ఫోటో గురించి ఒక పేరా. తర్వాత ఒక వాక్యం. ‘2010 నాటి నివేదిక వాస్తవం కాదని దాన్ని రాసిన దరఖాస్తుదారు సోదరుడు, 78 సంవత్సరాలు, స్థలంలోనే బహిరంగంగా ఒప్పుకున్నారు.’ దాని మీద ముద్ర కూడా పడింది. ఇంక ఎవరూ చెరపలేరు.

ఆ వాక్యం చదివినప్పుడు నాకు కోపం పోయింది. ఎటు పోయిందో వెతకలేదు. ఫోటో చాలని లాయరు చెప్పినా, ఊరందరి ముందూ నిలబడి అరిచి చెప్పావు. నేను తెలుసుకోవాలనే చెప్పావని నాకు తెలుసు.

పదహారో తారీఖు అలప్పుళ బండికి టికెట్టు దొరికింది. పంతొమ్మిదిన దిగుతాను. ఫూల్‌మణి తోడు వస్తోంది, వంటగది కొలతలు తనే చూసుకుంటుందట. సముద్రం కూడా చూడాలట.

స్టేషనుకి రాకు. దిగి తిన్నగా నీ ఇంటికి రాను. ముందు నా నేల మీదికి వెళ్తాను. అక్కడ కాసేపు ఒక్కదాన్నే నిలబడతాను.

తర్వాత నిన్ను పిలుస్తాను. అప్పుడు రా.

విలాసు